మినిట్స్ బుక్ గారికి ఒక వాటాదారు వ్రాయునది

మహారాజశ్రీ సహకార సంఘం మినిట్స్ బుక్ గారికి,

నమస్కారాలు. ఉభయకుశలోపరి. బీరువా తాళంచెవి అధ్యక్షులవారి జేబులో ఉంది కాబట్టి తమరు క్షేమమే అనుకుంటాను.

కమిటీ సమావేశాల సంగతులు రాసిపెట్టే తమరిని మించిన కథకులు మా మండలంలో లేరు. రాని డైరెక్టర్లను రప్పిస్తారు, సభకు చాలినంతమంది లేకపోయినా కోరం చూపిస్తారు, ఆపైన "సుదీర్ఘంగా చర్చించి ఏకగ్రీవంగా తీర్మానించడమైనది" అంటారు. ఆ సుదీర్ఘ చర్చ టీ గ్లాసులు ఖాళీ అయ్యేలోపే ముగుస్తుంది, అది వేరే సంగతి. గోడౌన్‌కు సున్నం వేయించే తీర్మానమైతే నేనూ పట్టించుకోను. ఉద్యోగిని తీసేసే తీర్మానం దగ్గరే నాకు టెన్షన్.

ఎరువుల గోడౌన్‌లో యూరియా బస్తాలు తక్కువొచ్చాయనుకోండి. గుమస్తాను నిలదీయాల్సిందే, కాదనను. కానీ తమరిలో ముందు తొలగింపు పడుతుంది. తర్వాత సస్పెన్షన్‌కు పాత తేదీ వేస్తారు. అన్నీ అయ్యాక, ఇంతకీ అభియోగం ఏమిటని వెతుకుతారు. తీర్మానానికీ తీర్మానానికీ మధ్య జాగా వదిలే అలవాటు అప్పుడు అక్కరకొస్తుంది.

దొరికే అభియోగం ఎప్పుడూ ఒకటే: "విధుల పట్ల నిర్లక్ష్యం వహించి సంఘం ప్రతిష్ఠకు భంగం కలిగించినందున". ఈ ఒక్క ముక్కతో స్టాఫు మొత్తాన్ని ఇంటికి పంపొచ్చు. ఏ తేదీన, ఏ స్టాక్ రిజిస్టర్ ప్రకారం, ఎన్ని బస్తాలు అని అడిగితే మాత్రం సిరా ఇంకిపోతుంది. దేనికి జవాబు చెప్పాలో తెలియని మనిషి సంజాయిషీ ఏం రాస్తాడండీ? నేను మంచివాడినే అని రాస్తాడు. "సంతృప్తికరంగా లేదు" అని తమరు కొట్టేస్తారు. నిజమే, ఎలా ఉంటుంది?

ఇక విచారణ. ఫిర్యాదు చేసిన డైరెక్టరుగారే విచారణాధికారి, ముఖ్య సాక్షీ ఆయనే, చివర్లో తొలగింపును బలపరిచిందీ ఆయనే. ఖర్చు తగ్గించడమే సహకారోద్యమం అనుకున్నారు కాబోలు. సాక్షులను గుమస్తా ఎదుటే విచారించాలి, అతన్ని ఎదురు ప్రశ్నలు వేయనివ్వాలి, రిజిస్టర్లు చూడనివ్వాలి అంటే, "ఇదేమన్నా కోర్టా?" అంటారు. కాదు. కానీ తర్వాత వెళ్లేది అక్కడికే.

సస్పెన్షన్‌లో ఉన్నవాడికి జీవనభృతి ఇవ్వాలన్న మాట తమ పేజీల్లో నాకు కనబడలేదు. డబ్బుల్లేక విచారణకు రాలేని ఉద్యోగిపై ఏకపక్షంగా జరిపిన విచారణ చెల్లదని 1999లో భారత్ గోల్డ్ మైన్స్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మన హైదరాబాద్ ఈసీఐఎల్ కేసు ఇంకా పాతది, 1993 నాటిది. విచారణ నివేదిక కాపీ ఉద్యోగికి ఇచ్చి, అతను చెప్పేది విన్నాకే దోషి అవునో కాదో తేల్చాలన్నారు. సర్కారు ఆఫీసైనా ప్రైవేటు సంస్థైనా అంతే. ఒక్క జిరాక్సు ఖర్చు. తమరు దాన్నీ పొదుపు చేశారు.

తమ ధైర్యం ఎక్కడిదో నాకు తెలుసు. సంఘం తగవులు తేల్చే 1964 సహకార చట్టం 61వ సెక్షన్ కింద రిజిస్ట్రారు దగ్గరికి వెళదామంటే, జీతగాడి మీద సంఘం తీసుకున్న క్రమశిక్షణ చర్యను ఆ సెక్షనే తన పరిధిలోంచి తప్పించింది. సర్కారు ఉద్యోగిని ఊరికే తీసేయకుండా రాజ్యాంగం 311వ అధికరణ ఇచ్చే రక్షణ మన గుమస్తాకు లేదు. పైగా సంఘం తనకు తాను రాసుకున్న బైలాలకు చట్టమంత బలం లేదని 1969లో మన సహకార సెంట్రల్ బ్యాంకుల కేసులోనే సుప్రీంకోర్టు తేల్చింది. అధ్యక్షులవారు ఆ ఒక్క వాక్యాన్నీ జేబులో పెట్టుకు తిరుగుతారు. అదే తీర్పులో, సర్వీసు షరతుల తగవును పారిశ్రామిక ట్రిబ్యునల్ విచారించవచ్చని ఉంది. ఆ పేజీ ఎవరూ తిప్పలేదు.

నా ఏడుపు గుమస్తా కోసమే అనుకునేరు. ఏమీ ఎరగని అటెండరుకు కోర్టు చుట్టూ తిరిగే ఓపిక ఉండదు, అతను ఇంటికే పోతాడు. నిజంగా బస్తాలు మింగినవాడు లాయరును పెట్టుకుంటాడు. అభియోగంలో తేదీ లేదు, నివేదిక కాపీ ఇవ్వలేదు, తీర్మానం విచారణకన్నా ముందే ఉంది అని లాయరు తమరినే సాక్ష్యంగా చూపిస్తాడు. తొలగింపును కోర్టు కొట్టేస్తుంది. దొంగ పాత జీతం బకాయిలతో సహా అదే గోడౌన్ తాళాలు పుచ్చుకుంటాడు. ఆ బకాయిలు తీర్మానం మీద సంతకాలు పెట్టినవాళ్ల జేబులోంచి రావు, మా వాటాధనంలోంచి వస్తాయి. బస్తాలూ మావే, బకాయిలూ మావే. ఇంతా చేసి దొంగకు తమరిని మించిన ప్లీడరు దొరకడు.

అందుచేత మనవి ఏమనగా, వచ్చే సర్వసభ్య సమావేశానికి తమరు బీరువా దిగి రావాలి. తొలగింపుల పేజీలు నేను పైకి చదువుతాను. ఆ రోజు హాజరైనట్టు సంతకాలున్న డైరెక్టర్లు, అప్పుడు తాము ఏ పెళ్లి భోజనంలో ఉన్నారో సభకు చెబుతారు.

ఇట్లు,
అప్పు తీర్చినా వాటాధనం చేతికి రాని సభ్యుడు

తా.క.: ఈ ఉత్తరం అందినట్టు ఇన్‌వర్డ్ రిజిస్టర్‌లో నంబరు వేయించండి. తేదీ మాత్రం ఇవాళ్టిదే వేయించండి.