సోనార్ దించే ముందు దస్త్రం తెరవాలి

సముద్రగర్భంలో ఓ జలాంతర్గామి దొరికిందంటే చాలు, రోబోల ఫొటోలు, శబ్ద తరంగాలతో నీటి అడుగును చూపే సోనార్ చిత్రాలు వార్తల్లో వరస కడతాయి. ఆ రోబోను ఎక్కడ దించాలో చెప్పిన మనిషి ఊసు నాలుగో పేరాలో కూడా ఉండదు. చాలాసార్లు అతను ఓడ ఎక్కినవాడు కూడా కాదు, పాత కాగితాలతో కుస్తీ పట్టినవాడు. ఈ వెతుకులాట ముందు చరిత్రకారుడి పని, ఆ తర్వాతే ఇంజనీరుది. డబ్బు, పేరు మాత్రం తలకిందులుగా పంచుతున్నారు.

అమెరికా జలాంతర్గామి ‘గ్రేబ్యాక్’ సంగతే చూడండి. 1944 ఫిబ్రవరిలో 80 మందితో మాయమైంది. యుద్ధం ముగిశాక జపాన్ రికార్డులను అనువదించేటప్పుడు రేఖాంశంలో ఒక్క అంకె తప్పు పడింది. ఆ తప్పే 1949లో అమెరికా నౌకాదళం రాసిన చరిత్రలోకి ఎక్కింది. దాంతో దశాబ్దాల పాటు అందరి చూపూ అసలు చోటికి వంద మైళ్లకు పైగా అవతలే ఉండిపోయింది. చివరికి యుటాకా ఇవసాకి అనే జపాన్ పరిశోధకుడు ససెబో నౌకా స్థావరం నాటి రికార్డులను మూలంలోనే చదివాడు. ఒకినావాలోని నాహా నుంచి లేచిన విమానం ఫిబ్రవరి 27న ఓ జలాంతర్గామిపై బాంబు వేసిందని, అది పేలి మునిగిందని అందులో ఉంది. ఏ చోటనో కూడా ఉంది. 2019లో అమెరికా సముద్ర అన్వేషకుడు టిమ్ టేలర్ బృందం అక్కడికే వెళ్లి, 430 మీటర్లకు పైగా లోతున దాన్ని కనిపెట్టింది. ఆ అంకె దిద్దకపోతే ఎంత ఖరీదైన సోనార్‌కైనా ఇసుకే కనపడేది.

ఆచూకీ ఎవరి దగ్గరుందో గమనించారా? జలాంతర్గామి బతుకంతా దాగుడే. తన స్థావరానికి సైతం ఎక్కడున్నదీ చెప్పకుండా తిరుగుతుంది. దాని ఆఖరి ఘడియను చూసి, టైముతో సహా రాసిపెట్టేది దాన్ని ముంచినవాడే. అందుకే శత్రువు భాష రానివాడు ఈ పనిలో సగం గుడ్డివాడు.

అలాగని ప్రతి కాగితాన్నీ నమ్మేయమని కాదు. జర్మనీ జలాంతర్గామి యు-869 మొరాకో తీరాన, రబాత్ దగ్గర మునిగిందని యుద్ధం తర్వాత అధికారికంగా తేల్చేశారు. జిబ్రాల్టర్‌కు వెళ్లమని దానికి రేడియోలో ఆదేశం వెళ్లిన మాట నిజమే. అది అందినట్టు లేదు. 1991లో న్యూజెర్సీ తీరంలో డైవర్లకు ఓ పేరులేని జర్మన్ జలాంతర్గామి తగిలింది. అదే యు-869 అని 1997లో గానీ రుజువు కాలేదు. ఆలోపు అక్కడ ముగ్గురు డైవర్లు ప్రాణాలు పోగొట్టుకున్నారు. ఇజ్రాయెల్ ‘డాకర్’ది ఇంకో రకం కథ. 1968 జనవరిలో గల్లంతైంది. ఏడాది తర్వాత ప్రమాదంలో నీటిపైకి తేలే దాని అత్యవసర బోయ గాజా తీరానికి కొట్టుకొచ్చింది. అంతే, వెతుకులాట ఈజిప్టు తీరం వైపు మళ్లింది. 1999లో అది క్రీట్, సైప్రస్‌ల మధ్య, దాదాపు 3,000 మీటర్ల లోతున, వెళ్లాల్సిన దారిలోనే దొరికింది! చేతికి చిక్కిన బోయ కన్నా బయల్దేరేటప్పుడు రాసుకున్న ప్రయాణ మార్గమే నిజం చెప్పింది.

రికార్డులు తెరిస్తే పాత ఇనుము దొంగలకు దారి చూపినట్టే అని నౌకాదళాలు అంటాయి. అవి సమాధులు, కదపకూడదు అంటాయి. భయం ఉత్తిది కాదు. మలేషియా దగ్గర మునిగిన డచ్ జలాంతర్గాములు రెండింటిని దాదాపు ఆనవాలు లేకుండా ఎత్తుకుపోయారు. అయితే దొరికిన చోటును గుట్టుగా ఉంచడం వేరు, ఎనభై ఏళ్ల నాటి లాగ్‌బుక్‌ను బీరువాలో పెట్టి తాళం వేయడం వేరు. మొదటిదానికి నేనూ చేయెత్తుతాను.

రెండోదానితోనే అసలు పేచీ. సైనిక రహస్యానికి గడువు తీరినా ప్రభుత్వాలకు తాళం తీయబుద్ధి కాదు. తీసిన చోట ఏం జరిగిందో చూడండి. జపాన్ తన పాత యుద్ధ పత్రాలను స్కాన్ చేసి ఎవరైనా చదువుకునేలా ఆన్‌లైన్‌లో పెట్టింది. ఆ పత్రాల ఆధారంగానే టోక్యో విశ్వవిద్యాలయానికి చెందిన తమాకి ఉరా హొక్కైడో దగ్గర అమెరికా ‘ఆల్బకోర్’ను వెతికాడు. దొరికింది ‘ఆల్బకోరే’నని 2023లో అమెరికా నౌకాదళం ధ్రువీకరించింది. ఓడిన దేశం తెరిచిన కాగితంతో గెలిచిన దేశపు నావికుల కుటుంబాలకు జవాబు దొరికింది.

తాళం కన్నా ఘోరం, కాగితమే లేకుండా పోవడం. 1971 డిసెంబరులో విశాఖ దగ్గర మునిగిన పాకిస్తాన్ జలాంతర్గామి ‘ఘాజీ’ ఎక్కడుందో తెలియనిదేం కాదు. తన యుద్ధనౌక ఐఎన్ఎస్ రాజ్‌పుత్ వేసిన, నీళ్లలో పేలే డెప్త్ చార్జీలే ముంచాయని భారత్ అంటుంది, లోపలి పేలుడో, ఘాజీ తానే పరిచిన సముద్రపు మందుపాతరో కారణమని పాకిస్తాన్ అంటుంది. దీని తాలూకు నౌకాదళ రికార్డులు ధ్వంసమయ్యాయని 2010లో వార్తలొచ్చాయి. 2024లో భారత నౌకాదళపు లోతు సముద్ర రెస్క్యూ వాహనం శిథిలాలను మళ్లీ గుర్తించిందన్నారు. సంతోషం. ఆ రాత్రి ఏ ఓడ ఎన్ని గంటలకు ఎక్కడుందో చెప్పాల్సిన కాగితాలను ఏ వాహనం తేగలదు? వాటిని ఎవరి ఆదేశంతో, ఏ నిబంధన కింద తీసేశారో రాసిన కాగితమైనా ఉంటే, ముందు దాన్ని బయటపెట్టండి.