శనగగింజ వంశవృక్షం

పేర్లకు అర్థాలు చెప్పే పుస్తకాలు చదివితే సాటి మనుషుల మీద గౌరవం అమాంతం పెరిగిపోతుంది. ఏ పేజీ తిప్పినా ధీరుడు, తేజోవంతుడు, దైవానుగ్రహం పొందినవాడు, పుట్టుకతోనే నాయకుడు. సోమరిపోతు లేడు, అప్పు ఎగ్గొట్టేవాడు లేడు. 'ఓ మోస్తరు మనిషి' అని అర్థం వచ్చే పేరు కావాలంటే దివిటీ పట్టుకుని వెతికినా దొరకదు. ఇక క్యూలో మనల్ని తోసుకుని ముందుకెళ్లేవాళ్లంటారా, వాళ్లు పేరు పెట్టించుకోకుండానే పెరిగి ఉండాలి. ఇల్లు పీకి పందిరేస్తున్న పసివాడికి 'ప్రశాంత స్వభావుడు' అనే అర్థం చూసి మరీ పేరు పెట్టే తల్లిదండ్రుల ధైర్యానికైతే నేనెప్పుడో దండం పెట్టేశాను.

ఈ పుస్తకాల సేవను తక్కువ చేసి మాట్లాడేవాళ్లు ఒక్కసారి అసలు అర్థాలు చూడాలి. క్లాడియా అంటే ఎంత వినసొంపుగా ఉంది! దాని మూలం 'కుంటి' అనే లాటిన్ మాట. సిసిలియాకి మూలం 'గుడ్డి'. కాల్విన్ బట్టతల. పాల్ చిన్నవాడు, అదీ లాటిన్ ఇచ్చిందే. స్కాట్లండ్‌లో కామెరాన్ అంటే వంకర ముక్కు, క్యాంప్‌బెల్ అంటే వంకర మూతి. ఈ రెండిళ్ల మధ్య సంబంధం కుదిరితే శుభలేఖ మీద అర్థాలు అచ్చేయించకపోవడమే అందరికీ క్షేమం.

అన్నిటికన్నా రోమన్లు మరీ బాధ్యత లేని మనుషులు. ఒకడి ఒంట్లో ఏ వంక కనిపిస్తే దాన్నే పేరుగా తగిలించి, మనవల దాకా మోయించేవారు. మహావక్త సిసిరో సంగతే చూడండి. ఆ పేరు పుట్టింది శనగగింజ అనే మాటలోంచి. వాళ్ల పూర్వీకుల్లో ఒకాయన ముక్కు కొస శనగగింజలా నొక్కుపడి ఉండేదని గ్రీకు రచయిత ప్లుటార్క్ రాశాడు. రాజకీయాల్లోకి దిగేటప్పుడు స్నేహితులు పేరు మార్చుకోవయ్యా అని చెప్పి చూశారు. వినలేదు. స్కారస్, కాటులస్ లాంటి పేర్లకన్నా దీన్నే గొప్ప పేరు చేసి చూపిస్తానన్నాడు. స్కారస్ అంటే చీలమండలు వాచినవాడు, కాటులస్ అంటే కుక్కపిల్ల. ఆ రోజుల్లో రోములో పెద్దింటి పేర్లంటే ఇవీ! తర్వాత సిసిలీలో అధికారిగా ఉన్నప్పుడు దేవుళ్లకు వెండి పాత్ర ఒకటి సమర్పిస్తూ, దాని మీద మార్కస్, టులియస్ అని రెండు పేర్లు అక్షరాల్లో చెక్కించి, మూడోది రావాల్సిన చోట శనగగింజ బొమ్మ చెక్కమన్నాడు. చెక్కేవాడు 'ఏమన్నారూ?' అని ఇంకోసారి అడిగే ఉంటాడు.

మన అర్థాల పుస్తకం ఆయనకు అందుబాటులో ఉంటే ఇంత అప్రతిష్ఠ జరిగేదే కాదు. 'సిసిరో: నేల నుంచి బలం పొంది పదిమందినీ పోషించేవాడు. అదృష్ట రంగు పసుపు' అని రాసి పరువు నిలబెట్టేది.

ఇక ఇంటిపేర్లు. ఇంటిపేరంటే తరతరాల వంశగౌరవమని అందరూ ఒప్పుకుంటారు, 'ఇంటిపేరు కస్తూరివారు, ఇల్లంతా గబ్బిలాల కంపు' అన్న సామెత పుట్టించిన అసూయాపరులు తప్ప. చిన్న చిక్కేమిటంటే, చాలాచోట్ల ఆ గౌరవం ప్రసాదించినవాడు పన్నుల గుమాస్తా.

ఫిలిప్పీన్స్‌ని స్పెయిన్ ఏలుతున్న రోజుల్లో గవర్నర్ జనరల్ క్లవేరియాకి ఒకటే టెన్షన్. ఎటు చూసినా దేలా క్రూజ్‌లు, దేలోస్ సాంతోస్‌లు. ఒకే ఇంట్లో అన్నకొక పేరు, తమ్ముడికొక పేరు. పన్ను ఎవరు కట్టారో, ఎవరు ఎగవేశారో తేలి చావదు. 1849లో ఆయన ఇంటిపేర్లన్నీ అక్షరక్రమంలో జాబితా వేయించి ఊళ్లకు పంచిపెట్టించాడు. కొన్ని ఊళ్లకు ఒక్క అక్షరమే దక్కింది. ఆల్బే ప్రాంతంలోని ఓయాస్‌లో ఇవాళ్టికీ చాలా ఇంటిపేర్లు 'ఆర్'తోనే మొదలవుతాయి. ఆ ఊళ్లో ఎవరైనా తమ వంశమూలాన్ని భక్తిగా తవ్వుకుంటూ వెళ్తే అట్టడుగున తగిలేది పేజీ నంబరు.

జపాన్ 1875లో సామాన్యులకు కూడా ఇంటిపేరు తప్పనిసరి చేసింది. అక్కడ తనాకా అంటే వరిపొలం నడుమ, యామాదా అంటే కొండపొలం. వంశం ఏదని అడిగితే దారి చెప్పినట్టుంటుంది. టర్కీ 1934లో చట్టం చేసి, అందరూ ఇంటిపేరు పెట్టుకోవాల్సిందేనంది. దేశాధినేత ముస్తఫా కెమాల్‌కు మాత్రం పార్లమెంటే 'తుర్కుల తండ్రి' అని అర్థం వచ్చేలా అతాతుర్క్ అన్న పేరిచ్చి, ఇంకెవరూ అది పెట్టుకోకూడదని మరో చట్టం చేసింది. తండ్రి పోస్టు ఒక్కటే ఖాళీ, అది నిండిపోయింది.

వృత్తి పేర్లలో కమ్మరిదే పైచేయి. ఇంగ్లీషులో స్మిత్, జర్మన్‌లో ష్మిట్, రష్యన్‌లో కుజ్నెత్సోవ్, అరబ్బీలో హద్దాద్, ఇటాలియన్‌లో ఫెరారీ. ఊరంతా రైతులే అయినప్పుడు 'రైతుగారబ్బాయి' అంటే ఎవరని పోల్చుకుంటారు? ఊరికొకడే ఉండే కమ్మరికి ఆ గుర్తు ఇట్టే అతుక్కుపోయింది. అయినా ఫెరారీ కారు దిగే పెద్దమనిషిని చూసి, కమ్మరివారి బండి దిగాడని ఎవరైనా అంటున్నారా? పరాయి భాషలో ఉన్న మహత్యమే అది.

ఐస్‌లాండ్ వాళ్లదే అసలు అన్యాయం. చాలామందికి ఇంటిపేరే ఉండదు. తండ్రి పేరు చివర కొడుక్కి 'సన్', కూతురికి 'దోత్తిర్' చేరుస్తారంతే. అన్నాచెల్లెళ్ల పేర్లకే పొంతన ఉండదు. టెలిఫోన్ డైరెక్టరీలో కూడా సొంత పేరు వరసనే వేసేవారు. ఏ పిల్లాడు పరీక్ష తప్పితే ఏ వంశం పరువు పోయిందో లెక్క తేల్చలేని సమాజం ఎలా ముందుకెళ్తుందో నాకైతే అర్థం కాదు. వెళ్తోంది మరి.

ఈ విషయంలో కొరియా వాళ్ల ముందుచూపు మెచ్చుకోవాలి. దక్షిణ కొరియాలో ప్రతి ఐదుగురిలో సుమారు ఒకరు కిమ్. ఆ కిమ్‌లందరూ ఒకే రాజుగారి మనవలేమో అనుకోకండి. ఒకప్పుడు అక్కడి మామూలు జనంలో చాలామందికి ఇంటిపేరే లేదు. చోసన్ రాజ్యం చివరి కాలానికి, చేతిలో నాలుగు డబ్బులు ఆడినవాళ్లు పెద్దింటివాళ్ల వంశవృక్షాల్లో చోటు కొనుక్కున్నారు. బీరువాలోంచి వంశవృక్షం తీసి చూపించే పెద్దమనిషి ఏ దేశంలో తగిలినా సరే, రసీదు కూడా చూపించమనండి.