కోర్టు చెప్పినా కదలని ఫైలు

గుంటూరు జిల్లాలో 2014 జనవరిలో ఒక తహసీల్దారు పోలీసులను వెంటబెట్టుకుని వెళ్లి పేదల గుడిసెలు పీకించారు. వాటి జోలికి వెళ్లవద్దని హైకోర్టు 2013 డిసెంబరులోనే చెప్పింది. ఆ ఆదేశాన్ని ధిక్కరించినందుకు 2015లో హైకోర్టు సింగిల్ జడ్జి ఆయనకు రెండు నెలల జైలుశిక్ష వేశారు. హైకోర్టులోనే ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచి అప్పీలు కొట్టేస్తే ఆయన సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఈలోగా డిప్యూటీ కలెక్టరు కూడా అయ్యారు. చివరికి 2025 మేలో జస్టిస్ గవాయ్, జస్టిస్ మసీహ్ ధర్మాసనం జైలుశిక్షకు బదులుగా ఆయన్ను మళ్లీ తహసీల్దారు హోదాకు దించమంది, లక్ష రూపాయల జరిమానా వేసింది.

గుడిసె కూలిన రోజు నుంచి లెక్కిస్తే పదకొండేళ్లు దాటింది. పిల్లాపాపలతో రోడ్డున పడ్డవాళ్లకు ఆ తీర్పు ఇంత ఆలస్యంగా వచ్చి ఏం లాభం?

అయినా ఆ తీర్పు ఒక కీలకమైన విషయం పట్టుకుంది: అధికారికి జైలు కన్నా హోదా పోవడమే పెద్ద భయం. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం గరిష్ఠ శిక్ష ఆరు నెలల సాధారణ జైలు, రెండు వేల రూపాయల జరిమానా. నిజాయితీగా క్షమాపణ చెబితే అదీ మాఫీ కావచ్చు. పాఠశాలల ఆవరణల్లోంచి గ్రామ సచివాలయాలను తొలగించమన్న ఆదేశం అమలు కాలేదని ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 2022 మార్చి 31న ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు విధించింది. వాళ్లు బేషరతుగా క్షమాపణ కోరారు. దాంతో శిక్ష నెలకో ఆదివారం సంక్షేమ హాస్టళ్లలో సేవగా మారింది. క్షమించడం తప్పని నేను అనను. ధిక్కరణ కేసు అసలు ఉద్దేశం ఆదేశం అమలు కావడమే. కానీ హోదా, సీనియారిటీ, సర్వీసు రికార్డు దెబ్బతింటాయన్న భయం మాత్రమే ఫైలును సకాలంలో కదిలిస్తుంది.

అధికారులను మాటిమాటికీ కోర్టుకు పిలిపించొద్దని సుప్రీంకోర్టు 2024 జనవరిలో మార్గదర్శకాలు ఇచ్చింది. అది సబబే. కార్యదర్శి బోనులో నిలబడినంత మాత్రాన పింఛను బకాయి చేతికి రాదు. అయితే ప్రతి తీర్పులోనూ గడువు, అమలుకు బాధ్యుడైన అధికారి హోదా స్పష్టంగా రాయాలి. అప్పీలు వేయదలిస్తే ఆ గడువులోపే వేసి స్టే, అంటే అమలును తాత్కాలికంగా ఆపే ఉత్తర్వు, తెచ్చుకోవాలి. అప్పీలు వేసినంత మాత్రాన ఆదేశం ఆగిపోదు. చాలా ఆఫీసుల్లో మాత్రం "అప్పీలుకు వెళ్తున్నాం" అన్న మాటనే స్టేలా చలామణీ చేస్తున్నారు.

ఈ మాట నమ్మి ఊరుకున్న కక్షిదారుకు ఇంకో ప్రమాదం ఉంది. కోర్టు ధిక్కరణ చట్టంలోని 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన ఏడాదిలోపే కోర్టు తలుపు తట్టాలి. ఆర్డర్ కాపీ చేతపట్టుకుని "వచ్చే నెల రండి" అన్న మాట మీద పన్నెండు సార్లు తిరిగిన రిటైర్డ్ టీచరుకు ఆ గడువు దాటిపోతుంది.