మాటలు కోసేసి చూపు మిగిల్చిన నటి

హాలీవుడ్ దర్శకుడు టరాంటినో తీసిన ‘కిల్ బిల్’ చూసినవాళ్లంతా జపాన్ నటి మెయికో కాజీ గొంతు విన్నవాళ్లే. ఆమె 1970ల్లో పాడిన పాటల్ని అందులో వాడుకున్నాక, ప్రపంచానికి ఆమె ‘టరాంటినో మెచ్చిన నటి’ అయిపోయింది. అది ఆమెని తక్కువ చేయడమే.

అసలు పేరు మసాకో ఓటా. 1965లో నిక్కాట్సు స్టూడియోలో చేరి నాలుగేళ్లు చిన్నాచితకా వేషాలు వేసింది. 1969లో పేరు మారింది, మరుసటేడు ‘స్ట్రే క్యాట్ రాక్’ సినిమాల సిరీస్‌తో దశ తిరిగింది. టీవీ దెబ్బకి థియేటర్లు ఖాళీ అవుతున్న రోజులవి. 1971 చివర్లో నిక్కాట్సు శృంగార చిత్రాల బాట పట్టింది. కాజీ ఆ దారిన పోకుండా తోయె స్టూడియోకి మారింది.

తోయె మాత్రం ఏమంత మడి కట్టుకుంది? 1972లో మొదలైన ‘ఫిమేల్ ప్రిజనర్ స్కార్పియన్’ ఆడవాళ్ల జైలు కథ. నగ్నత్వం, హింస, అత్యాచారం అన్నీ టికెట్లు తెంచడానికే. మూలమైన మాంగాలో (జపాన్ బొమ్మల కథలో) నాయిక మాత్సు నోటికొచ్చిన బూతులు తిడుతుంది. అవి తాను పలకనంది కాజీ. దాంతో ఆ పాత్ర దాదాపు మూగదైంది. రెండో సినిమా మొదట్లో నేలమాళిగలో కాళ్లూ చేతులూ కట్టేసి పడేసిన మాత్సు, పళ్ల మధ్య చెంచా పట్టుకుని కాంక్రీటు నేలకేసి అరగదీస్తూ ఉంటుంది. డైలాగ్ లేదు, ఆ గీకుడు చప్పుడూ ఆ కళ్లూ తప్ప. ఒంటిని అమ్ముకునే సినిమాలో జనం చివరికి ముఖం చూసి భయపడ్డారు. దర్శకుడు షున్యా ఇతో పనితనం తక్కువేం కాదు. కానీ ఆయన తప్పుకున్నాక వేరే దర్శకుడితో వచ్చిన నాలుగో భాగంలోనూ ఆ చూపు అలాగే ఉంది.

అలాగని దీన్ని స్త్రీవాద విజయమనడం నాకు కొంచెం అతిగా తోస్తుంది. అవమానాన్ని తీరిగ్గా చూపించాకే ప్రతీకారం మొదలుపెట్టే సినిమాలివి. ఆమె గెలిచింది ఆ చట్రంలో ఉంటూనే.

1973లో ‘లేడీ స్నోబ్లడ్’ సినిమా ఆ ప్రతీకార నాయిక ముద్రని ఇంకా గట్టిగా కొట్టింది. ఇక్కడితో ఆగితే కథ సగమే. 1978లో దర్శకుడు మసుమురా తీసిన ‘సొనెజాకి ఆత్మహత్యలు’లో ప్రేమికుడితో కలిసి చావుకి సిద్ధపడే వేశ్యగా చేసి, కినెమా జుంపో పత్రిక ఉత్తమ నటి అవార్డు అందుకుంది. అక్కడ మాటలు ధారగా పలికింది. 1989 నుంచి ఏళ్లతరబడి ‘ఒనిహెయి’ సీరియల్లో వేగు ఒమాసాగా జపాన్ ఇళ్లలో కనిపించింది. విదేశీ అభిమానుల వ్యాసాల్లో ఈ రెండింటికీ దక్కేది మహా అయితే ఒక వాక్యం.