ఆ ఫుటేజ్ నిజంగా ఎక్కడిది?

1977 నవంబరు 19 నాటి దివిసీమ ఉప్పెన మీద ఏదైనా కార్యక్రమం వచ్చినప్పుడు, తెర మీది నీళ్లు నిజంగా దివిసీమవేనా అని అడిగేవాళ్లు తక్కువ. కూలిన పాకలు, హెలికాప్టర్ నుంచి తీసిన నాలుగు షాట్లు దొరికితే పని అయిపోయినట్టే. ఏ తుపాను విజువల్స్ అయినా సర్దుకుపోతాయన్న ఈ ధోరణి చాలా తప్పు. అక్కడ చనిపోయింది వేలమంది. వాళ్ల ఊరి పేరు వేసి వేరే ఊరి దృశ్యం చూపించే హక్కు ఎవరికీ లేదు.

పాత దృశ్యాలను వెతికి, అవి ఎక్కడివో తేల్చే ఆర్కైవ్ ఫుటేజ్ పరిశోధకుల అవసరం ఇక్కడే ఉంది. పాత రీల్ వెతకడమే కష్టం. విదేశీ వార్తాసంస్థ కేటలాగ్‌లో దివిసీమలోని అవనిగడ్డ పేరు ఉండకపోవచ్చు, 'ఇండియా, తుపాను' అని ఒక్క ముక్క రాసి వదిలేసి ఉండొచ్చు. దొరికాక దాన్ని నిర్ధారించుకోవడం ఇంకా పెద్ద పని. దుకాణం బోర్డు మీద ఏ లిపి ఉంది, గోడ మీద ఏ సినిమా పోస్టర్ ఉంది, రోడ్డు మీద ఏ మోడల్ కారు వెళ్తోంది అని ఒక్కో ఫ్రేమూ ఆపి చూడాలి. కోడాక్ ఫిల్మ్ అంచున ఉండే చిన్న గుర్తులు ఆ ఫిల్మ్ తయారైన ఏడాదిని చెబుతాయి. కానీ అవే గుర్తులు ఇరవై ఏళ్లకు మళ్లీ వస్తాయి కాబట్టి వాటినొక్కటే నమ్మితే దెబ్బతింటాం.

ఊరూ తేదీ సరిపోయినా సరే, దృశ్యం నిజమైనదేనా? 1916లో, మొదటి ప్రపంచ యుద్ధంలోని సోమ్ పోరాటం మీద బ్రిటన్‌లో వచ్చిన చిత్రంలో, కందకం ఎక్కుతూ సైనికులు కూలిపోయే షాట్లు కెమెరా కోసం నటింపజేసినవి. అవి దశాబ్దాలుగా అసలు యుద్ధ దృశ్యాలుగానే చెలామణి అయ్యాయి.

మన 1947 సంగతీ చూడండి. సినిమా హాళ్లలో చూపించే వార్తాచిత్రాలు, అంటే న్యూస్‌రీల్స్ తీసే ప్రభుత్వ విభాగం 1946లో మూతపడింది, ఆ పని చేసే కొత్త ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ 1948లో వచ్చింది. అంటే ఆగస్టు 15న ప్రభుత్వానికి సొంత చిత్రీకరణ విభాగమే లేదు. మనం చూసే దృశ్యాల్లో చాలావరకు విదేశీ న్యూస్‌రీల్ కంపెనీలవి, ప్రైవేటు కెమెరామెన్‌లవి. కెమెరా ఎవరి మొహం మీద ఎక్కువసేపు ఆగింది, ఎవరిని గుంపుగా చూపించి వదిలేసింది అన్నది, తీసింది ఎవరో తెలిస్తేనే అర్థమవుతుంది.

హక్కుల లెక్క వేరే టెన్షన్. మన చట్టంలో సినిమాకైనా న్యూస్‌రీల్‌కైనా, విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లే కాపీరైట్. 1955 నాటి న్యూస్‌రీల్‌పై అది 2015తోనే ముగిసింది. అయినా మంచి ప్రింటు ఎవరి దగ్గర ఉంటే వాళ్లకు స్కానింగ్ ఖర్చు కట్టాల్సిందే. హక్కులు బతికున్న ఫుటేజ్‌కైతే నిడివి, దేశాలు, ఎన్నేళ్లు, టీవీకా ఓటీటీకా అన్నదాన్ని బట్టి ధర మారుతుంది.

అందుకే పరిశోధకులను ఎడిటింగ్ చివర్లో 'ఒక షాట్ వెతికిపెట్టండి' అని పిలవడం కాదు, స్క్రిప్ట్ రాస్తున్నప్పుడే కూర్చోబెట్టాలి. వారికి సరైన జీతం, టైటిల్స్‌లో పేరు ఇవ్వాలి. వాడిన ప్రతి పాత షాట్ ఎవరు తీశారో, ఎక్కడ, ఎప్పుడు తీశారో రాసిన జాబితాను కార్యక్రమంతో పాటు భద్రపరచాలి.