కెప్టెన్‌గారికి మిలిటరీ తెలియదు

మిలిటరీ గురించి బెజవాడ వాళ్లకు ఎవరూ కొత్తగా చెప్పక్కర్లేదు. మిలిటరీ హోటల్ అని బోర్డు కనపడితే లోపల వేటమాంసం ఉందని పసిపిల్లాడికీ తెలుసు. ఇక గాంధీనగర్ థియేటర్లలో ఇన్నేళ్లుగా మనం చూస్తున్న సైన్యంలో ఉండేది ఒక్కడే. అవతల ఎంతమంది ఉన్నా వాడొక్కడే చాలు, మధ్యలో సెలవు పెట్టి వచ్చి మరదలితో రెండు పాటలు కూడా పాడి వెళ్తాడు. మిలిటరీ క్యాంటీన్ మందు కోటా అని ఇంకో సంగతి ఉంది గానీ, అది నలుగురిలో మాట్లాడుకునేది కాదు.

ఇంత జ్ఞానం ఉన్న ఊళ్లో, రిపబ్లిక్ డే సాయంత్రం మా అపార్ట్‌మెంట్ డాబా మీద జాన్ హ్యూస్టన్ డాక్యుమెంటరీలు వేయడం నా తప్పే. వైన్ షాపులు మూసిన రోజు కాబట్టి జనం బాగానే వచ్చారు. హ్యూస్టన్ హాలీవుడ్ దర్శకుడు. రెండో ప్రపంచ యుద్ధంలో అమెరికా సైన్యం కెప్టెన్‌ని చేసి, కెమెరా చేతికిచ్చి పంపింది.

ఆయన తీసిందేమిటయ్యా అంటే, ముందు అలాస్కా పక్కనున్న అలూషియన్ దీవులు. 1943లో వచ్చింది. చలి, గాలి, బురద. సైనికులు రన్‌వే వేస్తారు, ఉత్తరాలు చదువుకుంటారు. హీరో ఎంట్రీ కోసం పావుగంట ఓపిక పట్టి, మా సెక్రటరీగారు "బెంజ్ సర్కిల్ ఫ్లైఓవర్ కట్టేటప్పుడు ఇదంతా ఫ్రీగా చూశాం కదండీ" అన్నారు. మూడో ఫ్లోర్ సుబేదారుగారు మాత్రం "ఇది కరెక్టు. సర్వీసంతా ఎదురుచూడటమే" అన్నారు. రిటైరై చాలా ఏళ్లయింది, మర్చిపోయి ఉంటారు.

తర్వాత ఇటలీలో శాన్ పియెత్రో అనే ఊరి కోసం 1943 డిసెంబరులో జరిగిన పోరు. ఇందులో పోయినవాళ్లు పోయినట్టే ఉంటారు, లేచి డైలాగు చెప్పరు. ఇది యుద్ధానికి వ్యతిరేకమని సైన్యంలో కొందరు పెద్దలు మండిపడితే, కొత్త సైనికులకు చూపించాల్సిందేనని అమెరికా సైన్యాధిపతి జనరల్ మార్షల్ అన్నాడు. అయితే పోరాట దృశ్యాల్లో చాలావరకు తర్వాత మళ్లీ చేయించి తీసినవేనని చరిత్రకారులు తేల్చారు. ఈ ముక్క చెప్పగానే డాబా మీద హ్యూస్టన్‌కు కాస్త గౌరవం పెరిగింది. రీటేక్ చేశాడంటే మనవాడే.

అసలు గొడవ 'లెట్ దేర్ బి లైట్'తో వచ్చింది. ఒంటి మీద గాయం ఉండదు గానీ, ఒకడికి మాట రాదు, ఒకడు నడవలేడు, ఒకడు ఊరికే ఏడుస్తాడు. యుద్ధం నుంచి వచ్చిన సైనికుల ఆసుపత్రి అది. తీయించింది సైన్యమే, 1946లో తొక్కిపెట్టిందీ సైన్యమే. బయటికి రావడానికి 1980 దాకా పట్టింది. డబ్బు పెట్టినవాడే బొమ్మ ఆపేయడం గాంధీనగర్‌లో కొత్తేం కాదు. కానీ 34 ఏళ్లంటే మన బయ్యర్లు కూడా ఆయనకు దణ్ణం పెడతారు.

"ఇంటర్వెల్ ఎప్పుడండీ?" అని వెనక నుంచి ఎవరో అడిగారు. తెర మీద ఓ కుర్రాడు మాట పెగలక తంటాలు పడుతున్నాడు. సుబేదారుగారు లేచి, తన కుర్చీ మడిచి పిట్టగోడకి ఆనించి, చప్పుడు చేయకుండా కిందికి వెళ్లిపోయారు.

మర్నాడు పొద్దున్నే లిఫ్ట్‌లో ఇద్దరమే. కళ్లు ఎర్రగా ఉన్నాయి. రాత్రి ఎందుకు వెళ్లిపోయారో అడుగుదామని నోరు తెరిచాను.

"ఈ నెల కోటా తెచ్చారా అండీ?" అన్నాను.