గట్టిగా పట్టుకోండి గారికి

మహారాజశ్రీ 'గట్టిగా పట్టుకోండి' గారికి,

పశువైద్యశాల గుమ్మం దాటగానే మొదట వినిపించేది తమరి పేరే. డాక్టరు చేతులు కడుక్కునేలోపే తమరు ప్రత్యక్షమవుతారు. ఒకరు కాళ్లు పడతారు, ఒకరు మెడతోలు. చల్లగా, జారుతూ స్టీలు బల్ల ఒకటి. పిల్లినైనా గదిలో పెట్టి కొడితే తిరగబడుతుందన్న సామెతను రోజూ రుజువు చేసే ఓపిక తమరిది.

మొన్న తమరి సమక్షంలోనే మా పిల్లికి రక్తంలో చక్కెర ఎక్కువని తేలింది. నిజానికి దానికి ఎక్కింది భయం. పిల్లి బెదిరితే అడ్రినలిన్ ఉప్పొంగి, కాలేయం గ్లూకోజును రక్తంలోకి వదులుతుంది. మధుమేహం లేకపోయినా ఉన్నట్టే కనిపిస్తుంది. రక్తంలో చక్కెర కొన్నాళ్ల సగటు చెప్పే ఫ్రక్టోసమైన్ పరీక్ష చేశాక గాని అనుమానం తీరలేదు. జబ్బు తమరు తెచ్చారు, బిల్లు నేను కట్టాను.

'మౌనం అర్ధాంగీకారం' తమరికి మహా ఇష్టమైన మాట. బల్ల మీద కుక్క కొయ్యబారిపోతే 'ఎంత బుద్ధిమంతురాలో' అంటారు. అంతకుముందు అది నిద్ర రాకుండానే ఆవలించింది, పెదాలు నాక్కుంది, తెల్లగుడ్డు కనిపించేలా ఓరగా చూసింది. మూడు అర్జీలూ బుట్టదాఖలు. నాలుగోసారి గుర్రుమంటే గద్దించారు. హెచ్చరించడం తప్పని నేర్చుకున్న కుక్క తర్వాతిసారి చెప్పకుండానే కరుస్తుంది. (చిక్కాన్ని నేనేమీ అనను. ఇంట్లో ముందే తాయిలం పెట్టి అలవాటు చేస్తే అది కుక్కకు టోపీలాంటిదే.)

తమరి మీద కుట్ర కూడా జరుగుతున్నట్టుంది. 2019లో పిల్లి ముఖం చూసి నొప్పిని కొలిచే పద్ధతి ఒకటి వచ్చింది. చెవులు, కళ్లు, మూతి, మీసాలు, తల ఉన్న తీరు, ఒక్కోదానికి 0 నుంచి 2 దాకా మార్కులు. తమరు మెడ నొక్కిపట్టిన ముఖంలో ఏం చదవగలరు? ఇంకా ఘోరం, కొన్ని జంతుప్రదర్శనశాలల్లో సింహం తనంతట తానే కటకటాల దగ్గరకొచ్చి, మాంసం ముక్క కోసం తోక అందించి రక్తం ఇస్తుందట. మూడు కిలోల మా పిల్లికి మాత్రం నలుగురు మనుషులు కావలసివచ్చింది.

వచ్చే వారం మళ్లీ పరీక్ష ఉంది. బుట్ట పైమూత తీసి, పిల్లిని అందులోనే ఉంచి, తువ్వాలు కప్పి చూడటానికి డాక్టరు ఒప్పుకున్నారు. తమరు బయట బెంచీ మీద కూర్చోవచ్చు. పక్కన కుక్క ఆవలిస్తే నిద్రొస్తోందనుకోకండి.

ఇట్లు,
ముంజేతి మీద మూడు గీతలున్న
ఒక పిల్లి యజమానురాలు